పటం లైకెన్ చెప్పిన మంచు చరిత్ర



బిర్యానీ మసాలాలో వేసే రాతిపువ్వు మీకు తెలుసు. అది పువ్వు కాదు, లైకెన్ అనే జీవి. ఈ రోజు దాని బంధువు ఒకదాని గురించి చెబుతాను. రాతిపువ్వు రేకుల్లా విడివడి ఉంటుంది. ఇది మాత్రం రాతికి పెచ్చులా అతుక్కుని, గోటితో గీకినా ఊడిరాదు. పసుపు కలిసిన ఆకుపచ్చ మచ్చ, దాని అంచున నల్లటి గీత. పక్కపక్కన పెరిగిన మచ్చలను చూస్తే గోడకు తగిలించిన దేశపటంలా ఉంటుంది. 1753లో లిన్నేయస్ దీనికి ‘లైకెన్ జియోగ్రాఫికస్’ అని పేరు పెట్టాడు. ఇప్పటి శాస్త్రనామం రైజోకార్పన్ జియోగ్రాఫికమ్. చల్లటి కొండల మీద, సున్నం లేని రాళ్ల మీద పెరుగుతుంది.

లైకెన్‌ను చాలాకాలం ఒకే మొక్క అనుకున్నారు. 1867లో స్విట్జర్లాండ్ వృక్షశాస్త్రజ్ఞుడు సైమన్ ష్వెండెనర్, ఇందులో ఉన్నవి రెండు జీవులని ప్రకటించాడు. ఒకటి శిలీంధ్రం, రెండోది శైవలం. లైకెన్లనే చదువుతూ జీవితం గడిపిన విలియం నైలాండర్ వంటి పండితులు దీన్ని గట్టిగా వ్యతిరేకించారు. కానీ ష్వెండెనర్ మాటే నిలిచింది. శైవలం వెలుతురుతో ఆహారం తయారుచేస్తుంది, శిలీంధ్రం రాతిని పట్టుకుని దానికి నీడనిస్తుంది. ఒళ్లు తడిగా ఉన్నప్పుడే ఈ పని సాగుతుంది. ఎండిపోతే ఆగిపోతుంది. అందుకే చాలాచోట్ల పటం లైకెన్ ఏడాదికి ఒక మిల్లీమీటరైనా పెరగదు.

ఈ నత్తనడకనే పనికొచ్చే విషయంగా చూసినవాడు ఆస్ట్రియాకు చెందిన రోలండ్ బెషెల్. ఆయన పుట్టింది 1928లో. ఆల్ప్స్‌లో హిమానీనదాలు వెనక్కి తగ్గుతూ తాము మోసుకొచ్చిన రాళ్లను గుట్టలుగా వదిలిపెట్టాయి. ఏ గుట్ట ఎప్పటిది? మంచు కింద ఉన్నంతకాలం రాతి మీద లైకెన్ బతకదు, మంచు తొలగాకే వచ్చి చేరుతుంది. కాబట్టి గుట్టలో అన్నిటికంటే పెద్ద మచ్చ, ముందుగా వచ్చినది అయి ఉండాలి. సంవత్సరం చెక్కిన సమాధి రాళ్ల వంటి, వయసు తెలిసిన రాళ్ల మీద మచ్చల వెడల్పు కొలిస్తే ఎన్నేళ్లకు ఎంత పెరుగుతుందో లెక్క దొరుకుతుంది. ఆ లెక్కను వయసు తెలియని గుట్టకు వర్తింపజేయవచ్చు. 1950లో బెషెల్ ఈ పద్ధతిని ప్రచురించాడు. చేతిలో ఒక కొలబద్ద, మనసులో ఓపిక ఉంటే చాలు. ఖరీదైన యంత్రమేదీ లేకుండా ఇంత పెద్ద ప్రశ్నకు జవాబు వెతకడం నాకు ఎంతో గొప్పగా అనిపిస్తుంది. తర్వాత ఆయన కెనడా వెళ్లి ఆర్కిటిక్‌లోనూ పనిచేశాడు. 1971లో, నడివయసులోనే చనిపోయాడు.

పద్ధతి మాత్రం దేశాలు దాటింది. మన గంగోత్రి హిమానీనదం దగ్గర కూడా లైకెన్లను కొలిచారు. భూకంపం వచ్చినప్పుడు కొండల నుంచి దొర్లిపడిన రాళ్ల మీద పెరిగిన మచ్చలతో, పాత భూకంపాల కాలాన్ని అమెరికా భూవిజ్ఞాని విలియం బుల్ న్యూజిలాండ్‌లోనూ కాలిఫోర్నియాలోనూ లెక్కగట్టాడు. ఈ లైకెన్ ఎంత తట్టుకోగలదో చూడటానికి 2005లో దీన్ని ఫోటాన్ ఎం2 అనే వ్యోమనౌకలో అంతరిక్షానికి పంపి, సుమారు పదిహేను రోజులు శూన్యానికీ సూర్యకిరణాలకూ వదిలేశారు. తిరిగొచ్చాక తడిపితే మళ్లీ ఆహారం తయారుచేసుకుంది.

అందరూ బెషెల్ పద్ధతిని నమ్ముతారని కాదు. 2015లో కొందరు భూవిజ్ఞానులు దీన్ని శాస్త్రమనవచ్చా అని సూటిగా ప్రశ్నించారు. వారి అభ్యంతరంలో బలముంది. ఎదుగుదల ఒక లోయకూ మరో లోయకూ మారుతుంది. రాయి బయటపడ్డాక మొదటి లైకెన్ చేరడానికి ఒకచోట కొద్దేళ్లు, మరోచోట దశాబ్దాలు పట్టవచ్చు. రెండు మచ్చలు కలిసిపోయి ఒకటిగా కనిపించనూవచ్చు. కానీ గత కొన్ని శతాబ్దాల విషయంలో రేడియోకార్బన్ లెక్క కూడా తికమకపెడుతుంది. చెట్లే లేనిచోట వలయాలు లెక్కపెట్టే వీలూ లేదు. అక్కడ లైకెన్‌ను వదులుకోవడం తొందరపాటని నా అభిప్రాయం. హిమానీనదాలు వేగంగా కరుగుతున్న ఈ రోజుల్లో ఏ రాయి ఏ సంవత్సరం బయటపడిందో ఉపగ్రహ చిత్రాల్లో నమోదవుతోంది. ఆ రాళ్లను గుర్తుపెట్టుకుని, మొదటి మచ్చ ఎప్పుడు పుడుతుందో చూస్తూ ఉంటే, బెషెల్ ఊహతో పూరించిన చోట కొలిచిన అంకె రాయవచ్చు.