చిన్న నేరము - పెద్ద దండన
(గ్రంథాలయ రజతోత్సవ సభలో చదువబడిన ఉపన్యాసము)



కడప సీమలో ప్రవహించు చెయ్యేటికి బాహుదానది యని వేరొక పేరు కలదు. బాహుద యనగా బాహువుల నిచ్చినది. ఈ పేరుతో కూడిన కథ మహాభారతమున శాంతిపర్వమునం దున్నది. శంఖుడు, లిఖితుడు అన్నదమ్ములు. అన్న లేని వేళ లిఖితుడు ఆతని ఆశ్రమమున పండ్లు కోసికొని తినెను. అడుగక తీసికొనుట చౌర్యమే యని శంఖుడు తమ్ముని సుద్యుమ్న మహారాజు నొద్దకు పంపెను. రాజు క్షమింపజూచినను లిఖితుడు దండనమునే కోరి చేతులు పోగొట్టుకొనెను. పిమ్మట అన్న ఆనతిపై బాహుదలో స్నానమాడి తర్పణము విడువబూనగా చేతులు మరల వచ్చెను.

కొన్ని పండ్లకు రెండు చేతులు! దండనము క్రూరమనుటకు సందేహము లేదు. కాని కథ దండనముతో ముగియలేదు. శిక్ష తీరగానే నేరమును తీరినది; కష్టించి బ్రతుకుటకు చేతులు తిరిగి వచ్చినవి. చెల్లు వ్రాసిన పద్దును మరల బాకీగా ఎత్తి చూపరాదని దీని తాత్పర్యము.

మనుస్మృతిలో ఈ విషయమున రెండు దారులు కానవచ్చును. ఎనిమిదవ అధ్యాయమున మొదట మందలింపు, పిదప ధిక్కారము, తరువాత ధనదండము, కడపట శరీరదండము అని క్రమము చెప్పబడినది. దారిబత్తెము చాలని బాటసారి పరుల చేనిలో రెండు చెఱకుగడలు, రెండు దుంపలు తీసికొన్నచో దండ్యుడు కాడనియు నున్నది. అయితే ఆ దయ ద్విజునికే పరిమితము. తొమ్మిదవ అధ్యాయమున మూట విప్పు దొంగకు మొదటిసారి వ్రేళ్లు, రెండవసారి కాలుసేతులు ఖండించి, మూడవసారి చంపవలెనని యున్నది. మొదటి దారి ఆకలిని చూచినది. రెండవది ఎన్నవసారి యను లెక్కను మాత్రమే చూచినది.

ఈ లెక్కయే ఆంగ్లేయుల కాలమున శాసనమైనది. 1871లో పుట్టిన నేరస్థ జాతుల చట్టము 1911లో మద్రాసు రాజధానికి విస్తరించెను. పట్టికకెక్కిన జాతివాడు చట్టపు షెడ్యూలులోని నేరములలో ఒకదానిని రెండవసారి చేసిన ఏడేండ్లకు తక్కువ కాని ఖైదు, మూడవసారి చేసిన జీవితాంతము ద్వీపాంతరవాసము. శిక్ష తగ్గింపదలచిన న్యాయాధిపతి విశేషకారణములు తీర్పులో వ్రాయవలెను. హాజరు తప్పుటయు, అనుమతి లేక ఎల్ల దాటుటయు నేరములే. మరల జరిగిన కొలది శిక్ష పెరిగెడిది.

ఈ బరువును రాయలసీమ స్వయముగా మోసినది. ఎఱుకలవారు ఒకప్పుడు ఎద్దులపై, గాడిదలపై ఉప్పును, ధాన్యమును ఊరూరికి చేరవేసి బ్రతికినవారు. రైలుబండి ఆ బేరమును మ్రింగెను; 1876-78 నాటి మహాక్షామము బీదలను మఱింత కృశింపజేసెను. బ్రతుకుతెరువు పోయినవారి పేరు పట్టికకెక్కెను. కర్నూలు జిల్లాలో సిద్ధాపురము సెటిల్‌మెంటు వెలసినది. స్వాతంత్ర్యానంతరము తిరుచానూరువాస్తవ్యులు మాడభూషి అనంతశయనం అయ్యంగారి అధ్యక్షతన 1949-50లో విచారణ జరిగినది. 1952 ఆగస్టు 31న ఆ చట్టము దేశమంతట రద్దయినది. కాని అలవాటు నేరస్థుల చట్టములు వచ్చినవి. ఆంధ్రప్రదేశమున అట్టిది 1962లో పుట్టినది. జాతి మీది ముద్ర చెరిపి, మనిషి మీద ముద్ర వేసినట్లయినది.

2024 జూలై 1న అమలునకు వచ్చిన భారతీయ న్యాయసంహిత 303వ సెక్షనులో రెండు దారులును ప్రక్కప్రక్కన గలవు. అయిదువేల రూపాయలకు లోబడిన సొత్తు దొంగిలించి మొదటిసారి శిక్షపడువాడు సొత్తునో, దాని విలువనో తిరిగి యిచ్చినచో సమాజసేవతో బయటపడును. రెండవసారి యైనచో, సొత్తు స్వల్పమైనను, ఏడాదికి తక్కువ కాని కఠినఖైదు. అయిదేండ్ల వరకు పోవచ్చును. మొదటి భాగము ఎంత మెచ్చదగినదో రెండవది అంత ఆలోచింపదగినది.

ఈ లెక్క ఎంతదూరము పోవునో అమెరికాలోని కాలిఫోర్నియా చూపినది. అచ్చట 1994 నాటి మూడవ తప్పు చట్టము క్రింద, పాత శిక్షలున్న ఒకడు ఆటకఱ్ఱలు మూడు దొంగిలించినందుకు ఇరువదియైదేండ్లు మొదలు యావజ్జీవము వరకు ఖైదు పడెను. 2003లో అత్యున్నత న్యాయస్థానము దానిని సమర్థించెను. 2012లో ప్రజలే ఓటు వేసి ఆ చట్టమును సడలించిరి.

మేక పోయిన పేదరాలి దుఃఖము చిన్నది కాదు. మాటిమాటికి దొంగిలించువానిని ఉపేక్షింపుమనుట ధర్మము కాదు. శిక్ష ఉండవలెను, సొత్తు తిరిగి రావలెను. అయితే ఎంత తీసెను, ఏల తీసెను అని విచారించి తూచుటకు న్యాయాధిపతికి వీలుండవలెను. చట్టమే ముందుగా తీర్పు వ్రాసి పెట్టినచో న్యాయపీఠమున త్రాసు ఉండదు, తూనికరాయి మాత్రమే మిగులును.

ఇందు గ్రామము వంతును కలదు. జైలు వీడి వచ్చినవానికి ఎవ్వరును కూలికి పిలువకున్న, రెండవ నేరమునకు దారి వేసినది ఎవరు? పొలమున ఆతనికి ఒక మడి పని ఇచ్చుట, ఆతని బిడ్డ ఈ గ్రంథాలయపు గడప త్రొక్కినపుడు ఇంటిపేరడుగక పుస్తకము చేతికిచ్చుట - ఈ రెండింటికిని ఏ చట్టమును మార్చ నక్కఱలేదు.