తాళం లేని తలుపు

ఈ ఎపిసోడ్‌లో మీకో ఊరి సంగతి చెప్తాను. అమెరికాలో యూటా, అరిజోనా రాష్ట్రాల సరిహద్దు మీద, ఎర్రటి కొండల కింద హిల్‌డేల్, కొలరాడో సిటీ అని రెండు ఊళ్ళున్నాయి. రెంటినీ కలిపి షార్ట్ క్రీక్ అంటారు. మార్మన్ చర్చి బహుభార్యాత్వాన్ని 1890లో వదులుకుంది. "మేం వదులుకోం" అన్నవాళ్ళలో కొందరు ఆ తర్వాత ఇక్కడికొచ్చి స్థిరపడ్డారు.

ఈ ఊరి ఆడవాళ్ళ గురించి చెప్పగానే ఎవరైనా అడిగే మొదటి మాట: "మరి వెళ్ళిపోవచ్చుగా?" నేనూ మొదట అదే అనుకున్నాను.

అసలు అక్కడ ఏం జరిగేదో చూడండి. పెళ్ళి ఎవరితో అన్నది అమ్మాయి చేతిలో లేదు. ప్రవక్త అని వాళ్ళు నమ్మే మతపెద్ద చెప్పాలి. ఉండే ఇల్లు మొగుడి పేరు మీద కూడా ఉండదు, చర్చి ట్రస్టుదే. 2002లో పెద్దరికం చేపట్టిన వారెన్ జెఫ్స్, కొందరు మగవాళ్ళని ఊళ్ళోంచి గెంటేసి, వాళ్ళ భార్యాపిల్లల్ని వేరేవాళ్ళకి అప్పగించేవాడు. కోపమొచ్చినా ఏడుపొచ్చినా ఆడమనిషి మొహం మాత్రం నవ్వుతూనే ఉండాలి.

పోనీ పోలీసుల దగ్గరికి వెళ్దామా? 1953లో అరిజోనా పోలీసులే ఊరి మీద పడి, 200 మందికి పైగా పిల్లల్ని పట్టుకెళ్ళారు. కొందరు ఇళ్ళకి చేరడానికి రెండేళ్ళు పట్టింది. ఇక ఆ ఊరి తల్లులు బయటివాళ్ళని ఎలా నమ్ముతారు?

కేరొలిన్ జెసప్‌ని 18 ఏళ్ళకి, 50 ఏళ్ళ మనిషికి నాలుగో భార్యగా ఇచ్చారు. 2003లో ఒక రాత్రి ఎనిమిది మంది పిల్లల్నీ వెంటబెట్టుకుని ఆవిడ పారిపోయింది. ఒక్కతే వెళ్ళాలనుకుంటే ఎప్పుడో వెళ్ళేది. ఎనిమిది మందినీ ఒకేసారి తీసుకెళ్ళాలి, అదీ కష్టం. తర్వాత కోర్టు పిల్లల్ని ఆవిడకే అప్పగించింది.

2005లో ట్రస్టు కోర్టు అజమాయిషీలోకి వెళ్ళింది. 2011లో మైనర్ బాలికలపై అత్యాచారానికి జెఫ్స్‌కి యావజ్జీవ శిక్ష పడింది. సంఘం వదిలేసినవాళ్ళు మెల్లగా ఊరికి తిరిగొచ్చి, ఆ ఇళ్ళల్లోనే ఉంటున్నారు. 2017లో హిల్‌డేల్ మేయర్‌గా గెలిచిన డోనియా జెసప్ కూడా అలా సంఘం వదిలిన మనిషే.

అందుకే "ఎందుకు వెళ్ళలేదు" అని అడగడం నేను మానేశాను. వెళ్తే తలదాచుకోడానికి ఇల్లుందా, పిల్లలు తనతో వస్తారా? ముందు అడగాల్సింది అదీ.