ఇంటికొక ఉద్యోగం: ఆ ఇంట్లో ఆడవాళ్ళు ఎక్కడ?

(దిల్‌సుఖ్‌నగర్‌లో మహిళా కార్యకర్తల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



ఈ సమావేశానికి వస్తూ దిల్‌సుఖ్‌నగర్ మెట్రో స్టేషన్ మెట్లు దిగితే, ఎటు చూసినా కోచింగ్ సెంటర్ల బోర్డులే. సర్కారు కొలువు కోసం జిల్లాల నుంచి వచ్చిన పిల్లలు ఇక్కడి హాస్టళ్ళలో ఏళ్ళ తరబడి చదువుతుంటారు. ఇక్కడికి మూడో స్టేషన్ ఎల్.బి.నగర్. అక్కడ పొద్దున్నే కూలి అడ్డా మీద టిఫిన్ డబ్బాలతో ఆడవాళ్ళు నిలబడి ఉంటారు. వాళ్ళలో కొల్లాపూర్ వైపు నుంచి వచ్చిన ఒకామెతో మాట్లాడాను. శ్రీశైలం నీళ్ళలో వాళ్ళ ఊరు మునిగేనాటికి ఆమె చిన్నపిల్ల. "మాకు ముంపు సర్టిఫికెట్ ఉన్నదమ్మా, కొలువే రాలే. వచ్చినా మా అన్నకే వస్తుండె" అంది. ఈ చివరి మాట గురించే ఈరోజు మాట్లాడుకుందాం.

1981లో శ్రీశైలం జలాశయం కింద కర్నూలు, మహబూబ్‌నగర్ జిల్లాల్లో వంద దాకా ఊళ్ళు ఖాళీ చేయించారు. ఐదేళ్ళ తర్వాత, 1986లో, జీవో 98 వచ్చింది. ముంపుకు గురైన కుటుంబంలో ఒకరికి ఉద్యోగంలో ప్రాధాన్యం ఇస్తామంది. ఆ జీవో అమలు కోసం ఎన్నో ధర్నాలు జరిగాయి. ఎదురుచూస్తూనే వయసు దాటిపోయిన వాళ్ళున్నారు. విశాఖ ఉక్కు కర్మాగారం కోసం భూములిచ్చిన వాళ్ళకు ఆర్‌ కార్డులిచ్చారు. వేలమంది కార్డుదారులకు నేటికీ ఉద్యోగం రాలేదు. 2021లో కేంద్రం పెట్టుబడుల ఉపసంహరణకు నిర్ణయించాక, ఇక ఎవరిని అడగాలన్న భయం కూడా తోడైంది. భూమి పోయినంత మాత్రాన ఉద్యోగం హక్కు కాదని రూర్కెలా ఉక్కు కర్మాగారం నిర్వాసితుల కేసులో సుప్రీంకోర్టు 1995లో చెప్పింది. అంటే ప్రభుత్వం జీవోలో, చట్టంలో ఏం రాస్తే అదే మనకు ఆధారం. అందుకే ఆ రాతను మనం అక్షరం అక్షరం చదవాలి.

"కుటుంబానికి ఒక ఉద్యోగం" అన్న మాటలో కుటుంబం అంటే ఎవరు? పట్టా ఎవరి పేరున ఉంటే ఆయన, ఆయన తర్వాత కొడుకు. నాట్లు వేసిన, కలుపు తీసిన, మేకలు మేపిన, కట్టెలు తెచ్చిన ఆడమనిషి పేరు ఏ రికార్డులోనూ ఉండదు. పెళ్ళైన కూతురిని "ఇంకో ఇంటి పిల్ల" అని పుట్టింటి జాబితా నుంచి తీసేస్తారు. అత్తింటి జాబితాలో ఆమె ఫలానా ఆయన భార్య, కాబట్టి ఉద్యోగం ఆయనదే. రెండు జాబితాల మధ్య ఆమె జారిపోతుంది. భర్త వదిలేసిన వాళ్ళు, భర్త చనిపోయిన వాళ్ళు అన్నదమ్ముల దయ మీద బతకాల్సిందే.

1894 నాటి చట్టం స్థానంలో వచ్చి, 2014 జనవరి 1 నుంచి అమల్లో ఉన్న భూసేకరణ, పునరావాస చట్టంలో మనకు పనికొచ్చే మాటలున్నాయి. వితంతువులు, విడాకులు పొందినవారు, కుటుంబం వదిలేసిన స్త్రీలు విడి కుటుంబాలే. స్త్రీ అయినా పురుషుడైనా, పెళ్ళైనా కాకున్నా, మేజరైన ప్రతి వ్యక్తీ ఒక కుటుంబమే. సొంత భూమి లేకున్నా, సేకరణకు ముందు మూడేళ్ళుగా ఆ భూముల మీదే బతికిన కూలీలు, కౌలుదార్లు కూడా బాధిత కుటుంబాల కిందికే వస్తారు. ప్రాజెక్టు వల్ల ఉద్యోగాలు వచ్చేచోట కుటుంబంలో ఒకరికి శిక్షణ, ఉద్యోగం. లేదా ఒకేసారి 5 లక్షల రూపాయలు. లేదా నెలకు 2,000కు తగ్గకుండా 20 ఏళ్ళు భత్యం. వీటిలో ఏది కావాలో ఎంచుకునేది కుటుంబమే.

అడ్డా మీద కలిసిన ఆమెకు ఈ చట్టం వెనక్కి వెళ్ళి న్యాయం చేయదు. రేపు ఊరు కోల్పోబోయే ఆడవాళ్ళకు మాత్రం చేయవచ్చు, అదీ మనం సకాలంలో అక్కడ ఉంటేనే. అధికారులు కుటుంబాల గణనకు వచ్చిన రోజే అంతా తేలిపోతుంది. ఆ రోజు "మీ ఇంటాయన పేరేంటమ్మా?" అని అడిగితే, "ముందు నా పేరు రాసుకోండి" అని ఆమె చెప్పగలగాలి. గ్రామంలో పునరావాస పథకం మీద బహిరంగ విచారణ పెట్టినప్పుడు జాబితా చదివించుకోవాలి. ఒంటరి స్త్రీల పేర్లు లేకపోతే అక్కడే రాతపూర్వకంగా అభ్యంతరం ఇచ్చి రసీదు తీసుకోవాలి. డబ్బు ఎంచుకుంటే అది ఎవరి ఖాతాలో పడుతుందో ముందే తేల్చుకోవాలి.

మన సంఘాలు కూడా ఇంతకాలం "ఇంటికొక ఉద్యోగం" అని నినాదాలిచ్చాయి. నేనూ ఇచ్చాను. ఆ ఇంట్లో ఎవరికని అప్పుడు అడగలేదు. ఇకనైనా అడుగుదాం.