గోనెగుడ్డపై కుట్టిన సాక్ష్యము

పాతచీరలు పేర్చి బొంత కుట్టుట తెలుగు పల్లెలలో ఎరుగనివారు లేరు. దక్షిణ అమెరికాలోని చిలీ దేశమున పేదస్త్రీలు అట్టి గుడ్డపీలికలతోనే ఒక సైనిక ప్రభుత్వపు అకృత్యములను లోకమునకు చాటిరి.

1973 సెప్టెంబరు 11వ తేదీన అచటి సైన్యము అధ్యక్షుడు అయ్యెందే ప్రభుత్వమును కూలద్రోసెను. అధికారము జనరల్ పినోచెట్ హస్తగతమయ్యెను. వేలకొలది జనులు నిర్బంధింపబడిరి. వారిలో అనేకులు మరల ఇల్లు చేరలేదు. భర్త ఎచట, కుమారుడు ఎచట అని తిరిగిన స్త్రీలకు, అట్టివారెవ్వరును తమ వద్ద లేరని అధికారులు బదులు చెప్పిరి.

1974లో రాజధాని శాంటియాగో నగరమున, క్రైస్తవ మతసంఘముల అండతో, ఈ స్త్రీలు ఒకచోట కూడి కుట్టుపని ఆరంభించిరి. 1976 నుండి కార్డినల్ సిల్వా ఎన్రీకెజ్ నెలకొల్పిన సంస్థ వారికి ఆశ్రయమిచ్చెను. వారు కుట్టిన చిత్రములకు ‘అర్పియేరా’ అని పేరు. స్పానిషు భాషలో ఆ మాటకు గోనెగుడ్డ అని అర్థము. గోనెపై ఉన్నితో బొమ్మలు కుట్టుట ఆ దేశమునకు కొత్త కాదు. జానపద గాయని వియోలెతా పార్రా కుట్టినవి 1964లోనే పారిస్ నగరపు లూవ్రు భవనమున ప్రదర్శింపబడినవి.

గోనెను ముక్కలుగా కోసి, పైభాగమున ఆండీస్ పర్వతములను, సూర్యుని అమర్చెదరు. క్రింద ఇండ్లు, వీధులు. మనుష్యులు మాత్రము గుడ్డ కూరిన చిన్న బొమ్మలు; జుట్టు ఉన్నిది. దూరమునుండి చూచిన పిల్లల ఆటబొమ్మలవలె ముచ్చటగా ఉండును. దగ్గరకు పోయి చూచిన, ఆ వీధిలో పోలీసులు ఒకనిని ఈడ్చుకొని పోవుచుందురు. మూతపడిన కర్మాగారము ఉండును. పేటలోని వారందరికి ఒకే కుండలో వంట జరుగుచుండును. తప్పిపోయినవారి ఛాయాచిత్రములు పట్టుకొని స్త్రీలు నిలిచియుందురు. కొన్నిటిలో తప్పిపోయినవాని బట్టలనుండి కత్తిరించిన ముక్కలే ఉన్నవి.

ఆడవారి కుట్టుపని గదా యని ప్రభుత్వము మొదట ఉపేక్షించెను. ఆ చిత్రములు విదేశములకు పోయి అమ్ముడుపోవుటతో ప్రభుత్వపక్షపు పత్రికలు దేశమునకు అపకీర్తి తెచ్చుచున్నవని నిందించినవి. అందుచేతనే చాలవాటిపై కుట్టినవారి పేరు లేదు. దుఃఖమును అమ్ముకొనుట తగునా యని ఎవరైన అడుగవచ్చును. ఆ సొమ్ముతోనే వారి పిల్లలు అన్నము తినిరి.

1988లో జరిగిన ప్రజాభిప్రాయ సేకరణలో పినోచెట్ ఓడిపోయెను. 1990లో అధ్యక్షపదవి విడిచెను. శాంటియాగోలో 2010లో తెరచిన స్మృతి, మానవహక్కుల ప్రదర్శనశాలలో ఆ గోనెగుడ్డలు నేడు ఉన్నవి. తప్పిపోయినవారిలో వేయిమందికి పైగా జాడ ఇంకను తెలియలేదు.