ఓడినోళ్ల చరిత్ర ఎవరు చెప్పాలి? వాల్టర్ బెంజమిన్ గురించి నాలుగు మాటలు

(ఆదివాసీ యువజన అధ్యయన తరగతిలో చేసిన ప్రసంగ పాఠం)



ఇవాళ నేను చెప్పబోయే మనిషి వాల్టర్ బెంజమిన్. జర్మనీలో పుట్టిన యూదు రచయిత, సాహిత్య విమర్శకుడు. ఆయన మన గురించి ఒక్క ముక్క రాయలేదు. మన అడవి చూడలేదు. పుట్టింది పట్నంలో, పెరిగింది బాగా డబ్బున్న ఇంట్లో. మరి మనం ఆయన్ని ఎందుకు చదవాలి? చరిత్రను ఓడినోళ్ల వైపు నిలబడి చదవాలని ఆయనంత గట్టిగా చెప్పినవాళ్లు తక్కువ. పైగా ఆ మాటలు ఆయన తీరిగ్గా కూర్చుని రాసినవి కావు. ప్రాణం మీదికి వచ్చినప్పుడు రాసినవి.

ముందు జీవితం చెప్తా.

1892 జులై 15న బెర్లిన్‌లో పుట్టాడు. తండ్రి పాత కళావస్తువుల వ్యాపారి. బెంజమిన్ 1919లో స్విట్జర్లాండ్‌లోని బెర్న్ విశ్వవిద్యాలయంలో డాక్టరేట్ పూర్తి చేశాడు. యూనివర్సిటీలో పాఠాలు చెప్పే అర్హత కోసం పాతకాలపు జర్మన్ విషాద నాటకాల మీద పెద్ద గ్రంథం రాసి ఫ్రాంక్‌ఫర్ట్‌లో ఇచ్చాడు. అక్కడి ప్రొఫెసర్లకు అది కొరుకుడు పడలేదు. 1925లో దరఖాస్తు వెనక్కి తీసుకోవాల్సి వచ్చింది. అదే గ్రంథాన్ని ఇవాళ ప్రపంచంలోని ఎన్నో యూనివర్సిటీల్లో చదువుతున్నారు.

ఉద్యోగం రాలేదు. సమీక్షలు, అనువాదాలు చేసుకుంటూ బతికాడు. బెర్లిన్, ఫ్రాంక్‌ఫర్ట్ రేడియోల్లో పిల్లల కోసం ప్రసంగాలు చేశాడు. ఏ సంగతులు ఎంచుకున్నాడో చూడండి. దొంగల ముఠాలు, జిప్సీలు, మంత్రగత్తెలని ముద్ర వేసి చంపేసిన ఆడవాళ్లు. ఒకసారి అమెరికాలో 1927లో వచ్చిన మిసిసిపీ నది వరద గురించి చెప్పాడు. న్యూ ఆర్లీన్స్ నగరాన్ని కాపాడటానికి కరకట్టను డైనమైట్‌తో పేల్చి, నీళ్లను పల్లెల మీదికి వదిలారు. ఆ సంగతి పిల్లలకు దాచకుండా చెప్పాడు. పెద్ద ఊరు బాగుండాలంటే ఎవరి ఊరు మునగాలి? పోలవరం ముంపు గ్రామాల వాళ్లకు ఈ ప్రశ్నను ఎవరూ విడమరిచి చెప్పక్కర్లేదు.

1933లో హిట్లర్ అధికారంలోకి వచ్చాడు. బెంజమిన్ యూదుడు, పైగా వామపక్షం. దేశం వదిలి పారిస్ చేరాడు. అద్దె గదులు మారుతూ, జాతీయ గ్రంథాలయంలో కూర్చుని చదువుతూ, రాస్తూ ఏడేళ్లు గడిపాడు. 1939లో జర్మనీ ఆయన పౌరసత్వం తీసేసింది. అదే ఏడాది యుద్ధం మొదలయ్యేసరికి ఫ్రాన్స్ ఆయన్ని శత్రుదేశం మనిషివని క్యాంపులో పెట్టింది. చూశారా, జర్మనీయేమో నువ్వు మావాడివి కాదంది, ఫ్రాన్సేమో నువ్వు జర్మనువే అంది.

1940 జూన్‌లో జర్మన్ సైన్యం పారిస్‌లోకి వచ్చింది. బెంజమిన్ దక్షిణానికి పారిపోయాడు. అమెరికా వీసా దొరికింది. స్పెయిన్, పోర్చుగల్ దాటే అనుమతి కూడా దొరికింది. ఒక్కటే తక్కువ. ఫ్రాన్స్ వదిలి వెళ్లడానికి ఫ్రాన్స్ ఇచ్చే అనుమతి. అందుకే సెప్టెంబర్ చివర్లో పిరనీస్ కొండల మీదుగా దొంగదారిన బయల్దేరాడు. దారి చూపింది లీసా ఫిట్కో అనే మహిళ. ఆయనకు 48 ఏళ్లు, గుండె జబ్బు. పది నిమిషాలు నడవడం, ఒక నిమిషం ఆగడం. చేతిలో బరువైన నల్ల సంచి, అందులో రాతప్రతి. తన ప్రాణం కంటే అదే ముఖ్యమన్నాడట.

కొండ దిగి స్పెయిన్‌లోని పోర్ట్‌బౌ చేరాక అక్కడి పోలీసులు, ఫ్రాన్స్ అనుమతి లేనోళ్లను వెనక్కి పంపేస్తామన్నారు. వెనక్కి అంటే నాజీల చేతికి. ఆ రాత్రి హోటల్ గదిలో ఆయన ప్రాణం తీసుకున్నాడు. ఆ తర్వాత ఆయనతో వచ్చిన మిగతా వాళ్లను ముందుకు పోనిచ్చారు. ఆ చావును గొప్ప చేసి చెప్పుకోవద్దు. దారి మళ్లీ తెరుచుకుంది, చూడటానికి ఆయన లేడు, అంతే. సంచిలోని రాతప్రతి ఇప్పటికీ దొరకలేదు. అక్కడి రికార్డుల్లో పేరు కూడా తిరగేసి, బెంజమిన్ వాల్టర్ అని రాసుకున్నారు.

ఒక్క కాగితం లేకపోవడం అంటే ఏంటో మనకు తెలుసు. తాత దున్నిన పోడుకు పట్టా ఏదని అడిగితే నోరు మూసుకుని నిలబడ్డ ఇళ్లు మన గూడేల్లో ఎన్నో.

ఇక ఆయన ఆలోచన. మూడు సంగతులు చెప్తా.

ఒకటి, వేడుక గురించి. 1935-36 నాటి ఒక ప్రసిద్ధ వ్యాసంలో ఫోటో, సినిమా వచ్చాక కళ ఎట్లా మారిందో రాశాడు. దాని చివర్లో ఫాసిజం గుట్టు విప్పాడు. అది ఆస్తి సంబంధాలను ముట్టుకోదు, జనానికి హక్కు ఇవ్వదు. కానీ జనం తమను తాము వేదిక మీద చూసుకునే అవకాశం మాత్రం ఇస్తుంది. రాజకీయం మొత్తాన్ని ఊరేగింపుగా, వేడుకగా మారుస్తుంది. మనం ఆలోచించాల్సిన సంగతి ఇది. ఎవరో పెద్దమనిషి వస్తే కొమ్ము నృత్యంతో స్వాగతం చెప్పడానికి మనం కావాలి. అదే మనం భూమి కాగితం అడిగితే ఫైలు కదలదు. మన డోలు మన పండక్కి మోగాలి. హక్కుకు బదులుగా మోగకూడదు.

రెండు, ప్రగతి గురించి. 1940లో, చనిపోయే కొన్ని నెలల ముందు, చరిత్ర గురించి చిన్న చిన్న ముక్కలుగా రాసిపెట్టాడు. హన్నా ఆరెంట్ అనే స్నేహితురాలు ఆ కాగితాల ప్రతిని అమెరికా చేర్చింది. పాల్ క్లే గీసిన ఒక దేవదూత బొమ్మ బెంజమిన్ దగ్గర ఉండేది. ఆ దూత ముఖం గతం వైపు తిరిగి ఉందని ఆయన ఊహ. మనకు వరుస సంఘటనలుగా కనిపించేది ఆ దూతకు ఒకే కూలిన గుట్టలా కనిపిస్తుంది. ఆగి చనిపోయినోళ్లను లేపాలని ఉంటుంది. కానీ ఒక గాలివాన రెక్కలు పట్టి ముందుకు తోసేస్తుంది. ఆ గాలివానకే మనం ప్రగతి అని పేరు పెట్టామంటాడు. ఇంకోచోట, విప్లవమంటే చరిత్ర రైలుకు ఇంజను కాకపోవచ్చు, రైల్లో ఉన్న మనుషులు ఆపడానికి బ్రేకు పట్టుకోవడం కావచ్చు అంటాడు. మన భాషలో చైన్ లాగడం. గనికో, డ్యాముకో వద్దన్నామంటే అభివృద్ధికి అడ్డం అంటారు కదా. ఈ రైలు ఎవరి మీది నుంచి పోతోందని అడగడం అడ్డం పడటం కాదు.

మూడోది అన్నిటికంటే ముఖ్యం. శత్రువు గెలుస్తూ పోతే చనిపోయినోళ్లకు కూడా భద్రత లేదంటాడు. అంటే వాళ్ల పేరు, వాళ్ల కారణం, వాళ్ల కల కూడా గెలిచినోడి చేతిలోకి పోతాయి. అదే 1940లో మన జోడేఘాట్‌లో కొమరం భీం నిజాం పోలీసుల తూటాలకు నేలకొరిగాడు. ఇద్దరి బతుకులకూ పోలిక లేదు, నేను పెట్టను. కానీ ఒక్కటి చూడండి. సర్కారుకు భీం తిరుగుబాటుదారు. గూడేనికి తన మనిషి. ఆ రెండో మాట కాగితం మీద కంటే ముందు పెద్దల నోట బతికింది.

కథ చెప్పేవాళ్ల గురించి కూడా బెంజమిన్ 1936లో ఒక వ్యాసం రాశాడు. మొదటి ప్రపంచ యుద్ధం నుంచి తిరిగొచ్చిన సైనికులు చెప్పుకోవడానికి మాటల్లేక మూగబోయారన్నాడు. వార్త ఆ రోజుతో పాతబడిపోతుంది, కథ మాత్రం నోటి నుంచి నోటికి అనుభవాన్ని మోస్తుందన్నాడు. ఆయన కాలానికి యూరప్‌లో ఆ నోళ్లు మూతపడుతున్నాయి. మన దగ్గర ఇంకా పూర్తిగా మూతపడలేదు.

ఇది సాహిత్యం ముచ్చట మాత్రమే అనుకోకండి. అటవీ హక్కుల చట్టం 2006లో వచ్చింది. దాని 2008 నిబంధనల్లో 13వ నిబంధన తీసి చదవండి. దరఖాస్తుదారు కాని పెద్దలు చెప్పిన మాట రాసిపెడితే అది సాక్ష్యం. సామూహిక హక్కుకైతే దేవర చెట్లు, వనాలు, సమాధులు కూడా సాక్ష్యమే. ముసలవ్వ నోటి మాటకు చట్టంలో చోటుంది. ఆ మాటను రాసేవాళ్లే తక్కువ.

కాబట్టి చదువుకున్న మనకు పని ఉంది. సెలవుల్లో ఊరికి పోయినప్పుడు పెద్దల దగ్గర కూర్చోండి. ఏ చెలక ఎవరు కొట్టారు, ఏ వాగు దాకా, ఏ చెట్టు గుర్తు, ఎవరిని ఎక్కడ పూడ్చారు, అడగండి. ఫోన్‌లో రికార్డు చేయండి. పేరు, తేదీ వేసి రాయండి. వేలిముద్ర తీసుకుని గ్రామసభలో పెట్టండి. ఇంకో కాపీ మీ దగ్గర ఉంచుకోండి. బెంజమిన్ సంచి పోయింది. కానీ వేరే చేతుల్లో ఉన్న కాపీ బతికింది కాబట్టే ఇవాళ ఆయన మాట మనం మాట్లాడుకుంటున్నాం.

మన పెద్దలు ఒక్కొక్కరే వెళ్లిపోతున్నారు. వచ్చే ఏడు అడుగుదాంలే అనుకోవద్దు.

జై ఆదివాసీ. జోహార్.