కంఠమా, ఉచ్చారణా: ఘంటసాల ఇంటి విద్య
(ఘంటసాల స్మారకోపన్యాసం, విజయవాడ)



ఈ ఊళ్ళో ప్రభుత్వ సంగీత కళాశాలకే ఘంటసాల వారి పేరుంది. ఆయన పాటలు మీ అందరికీ నోటికి వచ్చు. అందుకని వేరే సంగతి ఎత్తుకుంటాను. సంగీతం తెలిసిన తండ్రి నుంచి బిడ్డకు నిజంగా సంక్రమించేదేమిటి?

1922 డిసెంబర్ 4న గుడివాడ ప్రాంతపు చౌటపల్లిలో ఘంటసాల పుట్టారు. తండ్రి సూర్యనారాయణ గారు మృదంగం వాయిస్తూ తరంగాలు పాడేవారు. కొడుకును భుజాన ఎక్కించుకుని భజనలకు తీసుకెళ్ళేవారు. తరంగం అందుకుంటే పిల్లవాడు అడుగులు వేసేవాడు. భజన గోష్ఠి మీరెరిగిందే. ముందు ఒకరంటే వెనక పదిమంది అందుకోవాలి. ముందువాడు అక్షరం మింగితే వెనకవాళ్ళు ఏమందుకుంటారు? తండ్రి త్వరగా పోయారు. మిగిలింది అక్షరం మింగని ఆ అలవాటే. తర్వాత ఘంటసాల విజయనగరంలో పట్రాయని సీతారామశాస్త్రి గారి ఆదరణలో, మధుకరం ఎత్తుకుంటూ శాస్త్రం నేర్చారు.

భజనలో అబ్బిన గుణం సినిమా పద్యంలో బయటపడింది. రంగస్థలం మీద పద్యం చివర రాగం సాగదీయడం రివాజు. వన్స్‌మోర్లు పడేది అక్కడే. మైకు ముందు ఘంటసాల ఆ సాగదీత తగ్గించారు. అర్థం చెడకుండా పదం విరిచి, భావానికి సరిపడా రాగమే వేశారు. చదువుకోని శ్రోతకూ పద్యం అందింది.

సూర్యనారాయణ గారితో ఘంటసాలను పోల్చినవారు లేరు. 1974 ఫిబ్రవరి 11న ఘంటసాల కన్నుమూశాక, ఆయన కొడుకు రత్నకుమార్ గారికి ఆ వెసులుబాటు ఎక్కడిది? ఏం పాడినా జనం తూచేది తండ్రి పాటతోనే. రత్నకుమార్ గారు డబ్బింగులో స్థిరపడ్డారు. 2021లో పోయేనాటికి వెయ్యికి పైగా సినిమాలకు గొంతు ఇచ్చారు. తెర మీద పెదవులు మూసుకున్న చోట పకారమో మకారమో పడాలి. ఊపిరి ఆ నటుడిదే అనిపించాలి. పాట కాకపోవచ్చు గానీ, అక్షరం మింగకూడదన్న నియమం ఇక్కడా ఉంది. ఆయన కుమార్తె వీణ పాటనూ డబ్బింగునూ రెండింటినీ చేపట్టారు.

సంగీత దర్శకుల ఇళ్ళ నుంచి ఇంకో జంటను చూడండి. టి.వి. రాజు గారి కొడుకు రాజ్, సాలూరి రాజేశ్వరరావు గారి కొడుకు కోటి. ఇద్దరూ సంగీత దర్శకుడు చక్రవర్తి గారి దగ్గర సహాయకులుగా పనిచేసి, తర్వాత రాజ్-కోటిగా తమ బాణీ చూపారు. ఇంటిపేరుతో స్టూడియో గడప దాటవచ్చు. రెండో రికార్డింగుకు పిలిచేది పని చూసే.

అధ్యాపకులకు ఒక మనవి. మీ దగ్గరకు విద్వాంసుల బిడ్డలూ వస్తారు. నాన్నగారి రికార్డు వినిపించి "ఇలా పాడు" అనకండి. ఆ మాట అక్కడే ఎందుకు విరిచారో, ఆ గమకం ఎందుకు మానేశారో అడగండి. కంఠం పోలిక వచ్చినా రాకున్నా, ఆ వివేచన మాత్రం నేర్పితే వస్తుంది.