చీకటి రాతల నగరంలో ఒక దినం

(ప్లాటినం జూబిలీ ఉత్సవాల సందర్భమున తల్లిదండ్రుల, పూర్వ విద్యార్థుల సమావేశంలో ప్రధానోపాధ్యాయిని చేసిన ప్రసంగ పాఠం)



ఉత్సవ సంఘంవారు నన్ను పాఠశాల చరిత్రను గురించి మాట్లాడమన్నారు. ఆ చరిత్రను నాకంటె బాగా ఎరిగినవారు మొదటి వరుసలోనే కూర్చొని ఉన్నారు. కనుక వారి అనుమతితో నేను మరొక దేశపు ముచ్చట చెబుతాను. 2024 వేసవి సెలవుల్లో హ్యూస్టన్‌లో ఉంటున్న మా అమ్మాయి, అల్లుడు నన్ను మెక్సికో దేశానికి తీసుకొనిపోయారు. అక్కడి యుకతాన్ ద్వీపకల్పంలో ప్రాచీన మాయా జాతివారు నిర్మించిన చిచెన్ ఇట్సా నగర శిథిలాలను, వాటికి సమీపాన ఉన్న ఒక సహజమైన నేలబావిని ఒక్క దినంలో చూచివచ్చాము. ‘మాయా’ అనగానే వేదాంతం గుర్తుకు రావచ్చు. ఆ మాటకూ మన మాయకూ ఏ సంబంధమూ లేదు. అది ఒక జాతి పేరు, వారి భాష పేరు.

కాంకూన్ నగరంలో తెల్లవారుజామున బస్సు ఎక్కితే సుమారు 200 కిలోమీటర్ల ప్రయాణం. దారిలో రాష్ట్రం మారగానే గడియారాన్ని ఒక గంట వెనుకకు తిప్పుకోవాలి. రెండున్నర గంటలపాటు కిటికీలోనుంచి చూస్తూనే ఉన్నాను. ఎటు చూచినా పొట్టి చెట్ల అడవే గాని, ఒక్క వాగు లేదు, ఒక్క వంతెన లేదు. మా మార్గదర్శకుడు నలభై యేళ్ల మాయా జాతీయుడు. ఆయన చెప్పిన మొదటి సంగతి ఇదే. ఉత్తర యుకతాన్‌లో భూమిపై పారే నదులు లేవు. నేల అంతా సున్నపురాయి. కురిసిన వాన కురిసినట్లే రాతిలోనికి ఇంకిపోయి, అడుగున గుహలను తొలుచుకొని ప్రవహిస్తుంది. గుహ పైకప్పు కూలినచోట గుండ్రని గొయ్యి ఏర్పడి, అడుగున తేటనీరు కనిపిస్తుంది. ఆ గొయ్యినే ‘సెనోటే’ అంటారు. మాయా భాషలోని ‘త్సోనోట్’ అనే మాటను స్పానిష్‌వారు పలికిన తీరు అది. ఆరున్నర కోట్ల సంవత్సరాలకు పూర్వం చిక్షులూబ్ వద్ద ఒక మహాఖగోళ శిల వచ్చి పడిందనీ, రాక్షసిబల్లుల అంతానికి అది కారణమైందనీ మన పిల్లలు విజ్ఞానశాస్త్రంలో చదువుతున్నారు గదా. ఆ గోతి అంచు వెంబడి నేటికీ ఈ నేలబావులు వలయంగా ఏర్పడి ఉన్నాయి.

నదులు లేని దేశంలో ఊరు ఎక్కడ వెలుస్తుంది? బావి ఉన్నచోటనే. చిచెన్ ఇట్సా అన్న పేరుకు ‘ఇట్సా వారి బావి నోరు’ అని అర్థం. సిద్ధరామేశ్వరుడు తవ్వించిన చెరువు చెంత బ్రదుకుతూ, ఎండకాలంలో నీటి ట్యాంకరుకోసం బిందెలు వరుసపెట్టిన మన షోలాపురంవారికి ఈ పేరు ఎంత విలువైనదో నేను చెప్పనక్కరలేదు.

నగరం మధ్య ఉన్న మెట్ల గోపురాన్ని స్పానిష్‌వారు ఎల్ కస్తీయో, అనగా కోట అన్నారు. నిజానికి అది కోట కాదు, దేవాలయం. దాని ఎత్తు సుమారు 30 మీటర్లు. నాలుగు వైపులా ఒక్కొక్క వైపు 91 మెట్లు. పైనున్న అరుగుతో కలిపితే 365. చాలా యేండ్లుగా ఎక్కనివ్వడం లేదు. క్రిందనే నిలిచి లెక్కించుకోవాలి. 2007లో ప్రకటించిన కొత్త ఏడు వింతలలో మన తాజ్ మహల్‌తోపాటు దీనికీ చోటు దక్కింది. 168 మీటర్ల పొడవైన బంతి ఆటస్థలం కూడా చూచాము. దానిని గురించి చెప్పడానికి వ్యాయామోపాధ్యాయులే తగినవారు.

నన్ను ఆకట్టుకొన్నది వారి గణితం. మనకు పది ఆధారం, వారికి ఇరవై. చుక్క ఒకటి, అడ్డగీత అయిదు, సున్నకు గవ్వ వంటి గుర్తు. సముద్రాలకు ఆవల, మన దేశంతో ఏ రాకపోకలూ లేకుండానే వారు సున్నను తామై కనుగొన్నారు. శుక్రగ్రహం మళ్లీ అదే స్థానానికి వచ్చి కనబడడానికి 584 దినాలని గుర్తించారు. అయిదు శుక్ర చక్రాలు ఎనిమిది సంవత్సరాలకు సరిపోతాయి. రెండు విధాలా 2920 దినాలే. ఎనిమిదవ తరగతి పిల్లలు ఈ లెక్కను ఇంటివద్ద చేసి చూడవచ్చు.

గోపురం నుంచి ఉత్తరానికి సుమారు 300 మీటర్ల రాతిబాట నడిస్తే పవిత్ర సెనోటే వస్తుంది. అరవై మీటర్ల వెడల్పు, నిట్టనిలువు గోడలు, అడుగున పచ్చని నీరు. 20వ శతాబ్దం తొలి యేండ్లలో ఎడ్వర్డ్ థాంప్సన్ అనే అమెరికన్ దీని అడుగును దేవించగా బంగారం, పచ్చరాళ్లు, ధూపపు ముద్దలు, మనుష్యుల ఎముకలు పైకి వచ్చాయి. వానదేవుడైన చాక్‌కు సమర్పించినవి అవి. నరబలిని గురించి మా బృందంలో కొందరు ముక్కు చిట్లించారు. మార్గదర్శకుడు వాదానికి దిగలేదు. త్రాగునీటికి ష్టోలోక్ అనే వేరొక సెనోటే ఉండేదని మాత్రం చెప్పాడు.

ఆ తరువాత ఆయన దక్షిణ భాగంలోని ఒక రాతి కట్టడాన్ని చూపి, దాని పేరు ‘అకబ్ జిబ్’ అన్నాడు. మాయా భాషలో ‘చీకటి రాత’ అని అర్థం. లోపలి ద్వారబంధం మీద అక్షరాలు చెక్కి ఉన్నాయి. ఆ పేరు పెట్టినది పరాయివారు కాదు, మాయావారే. తమ పూర్వులు తమ భాషలోనే చెక్కిన రాత తమకే అర్థం కాని కాలం వచ్చినపుడు, ఆ యింటికి చీకటి రాత అని పేరు పెట్టుకొన్నారు.

అది ఎట్లా జరిగిందో కొంత వివరించాలి. ఆక్రమణకు పూర్వం మాయావారికి మడత పుస్తకాలు ఉండేవి. చెట్టు బెరడుతో చేసిన కాగితానికి సున్నం పూసి, రంగులతో వ్రాసేవారు. 1562 జూలై 12న మానీ అనే ఊరిలో దియేగో దె లాందా అనే క్రైస్తవ సన్యాసి, అవి దయ్యపు వ్రాతలని తలచి, దొరికినవాటిని తగులబెట్టించాడు. నేడు లోకంలో మిగిలినవి నాలుగే. చదవడం నేర్పే గురువులు, నేర్చుకొనే శిష్యులు క్రమంగా లేకపోగా లిపి మరుగున పడింది. మాట మాత్రం మిగిలింది. పొలంలో, పొయ్యి దగ్గర, ఊయల దగ్గర వాడుకలోనే ఉండిపోయింది.

విచిత్రమేమంటే ఆ లిపికి తాళంచెవిని వదలిపోయినది కూడ ఆ లాందాయే. ఆయన ఒక మాయా లేఖకుని కూర్చోబెట్టి, స్పానిష్ అక్షరాల పేర్లు ఒక్కొక్కటే చెప్పి, వాటికి మీ గుర్తులు వ్రాయమన్నాడు. స్పానిష్‌లో ‘బ్’ అనే అక్షరాన్ని ‘బే’ అంటారు. ఆ లేఖకుడు ‘బే’ అనే ధ్వనికి గుర్తు వ్రాశాడు. అడిగినవాడు ఒకటి అడిగాడు, విన్నవాడు మరొకటి విన్నాడు. తరగతి గదిలో ఇది మనకు రోజూ ఉన్నదే. చివరకు ఏదైనా వాక్యం వ్రాయమంటే ఆ లేఖకుడు ‘మా ఇన్ కతి’ అని వ్రాశాడు. దాని అర్థం ‘నాకిష్టం లేదు’. విసిగిన విద్యార్థి పలకమీద వ్రాసిన మాట నాలుగున్నర శతాబ్దాలుగా నిలిచి ఉన్నది!

లాందా గ్రంథం 1862లో మళ్లీ వెలుగు చూచింది. అయినా ఆ పట్టికతో చదవబోయినవారు విఫలులైనారు. 1952లో లెనిన్‌గ్రాడ్‌లోని యూరీ క్నోరోజోవ్ అనే పండితుడు, అప్పటికి మాయా దేశాన్ని కన్నులతో చూడకుండానే, అవి విడి అక్షరాలు కావు, గుణింతాలని చెప్పాడు. క, కె, కి, కొ, కు. మన ఒకటవ తరగతి పిల్లకు దీనిని బోధించే పని లేదు. ఐరోపా పండితులకు మాత్రం చాలా కాలం పట్టింది. పుస్తకంలో సీమకోడి బొమ్మమీద రెండు గుర్తులున్నాయి. ‘కు’, ‘ౘు’. చివరి అచ్చును వదలితే ‘కుౘ్’. మాయా భాషలో సీమకోడిని నేటికీ అట్లాగే అంటారు. కుక్క బొమ్మమీద ‘ౘు’, ‘లు’. చివరి అచ్చు వదలితే ‘ౘుల్’, అనగా కుక్క. మన ‘చుక్క’లో పలికే దంత్య చకారమే ఇది. ఎరిక్ థాంప్సన్ వంటి ఉద్దండ పండితుడు 1975లో మరణించేవరకు ఈ వాదాన్ని ఒప్పుకోలేదు. నేడు లోకమంతా ఒప్పుకొన్నది. చీకటి రాత యింటి ద్వారబంధాన్ని కూడా చదివారు. అది 9వ శతాబ్దపు రాత.

తల్లులు ఇక్కడ ఒక సంగతి గమనించాలి. ‘కుౘ్’ అంటే సీమకోడి అని క్నోరోజోవ్‌కు తెలిసినది, అది బ్రతికి ఉన్న మాట కనుకనే. లిపి పోయిన కాలమంతా ఆ మాటను పిల్లల నోట నిలిపినవారు బడికి వెళ్లని ఆడవారు.

మధ్యాహ్న భోజనం దగ్గర మాయా స్త్రీలు తెల్లని ఉయిపిల్ అంగీలు అమ్ముతున్నారు. చద్దర్ల ఊరినుంచి వెళ్లినదానను గనుక బట్టను తిరగవేసి చూడకుండా ఉండలేకపోయాను. కొన్ని యంత్రపు పని. ఒకటి మాత్రం పోగులు లెక్కపెట్టి కుట్టినది. దాని పేరులో ‘షోక్’ అనే మాట ఉన్నది. మన పిల్లల షోకు కాదు. మాయా భాషలో ‘షోక్’ అంటే లెక్కపెట్టడం, చదవడం కూడా. రెంటికీ ఒకటే మాట.

సాయంకాలం ఇక్ కిల్ అనే సెనోటేకు వెళ్లాము. నేలమట్టానికి 26 మీటర్ల దిగువన నీరు. రాతిని తొలిచిన మెట్లమీదుగా దిగాలి. పైనుంచి చెట్ల వేళ్లు జడలవలె నీటివరకు వ్రేలాడుతున్నాయి. ఒంటికి పూసుకొన్న మందులు, నూనెలు పోయేట్లు ముందు స్నానం చేయనిదే దిగనివ్వరు. ఆ నీరు కలుషితమైతే భూమి అడుగున ఎంత దూరం పోతుందో వారికి తెలుసు. అందరికీ తేలుడు చొక్కాలు ఇచ్చారు. మా అమ్మమ్మగారి ఊరి మోటబావిలో వీపుకు బెండ్లు కట్టుకొని ఈత నేర్చినదానను; అవీ ఇవీ ఒకటే అనిపించింది. అల్లుడు వద్దంటున్నా దిగాను. నీరు చల్లగా, నల్లగా ఉన్నది. నా పాదాల క్రింద నలభై మీటర్ల లోతు ఉన్నదని మార్గదర్శకుడు నేను పైకి వచ్చిన తరువాత చెప్పాడు. ఆయన విజ్ఞతకు కృతజ్ఞురాలిని.

తిరుగు ప్రయాణంలో ఆయనను మాయా భాషలో అంకెలు చెప్పమని కోరాను. ‘హున్, కా, ఓష్, కన్’ అన్నాడు. తరువాత ‘సింకో, సేయిస్, సియెతే’ అని సాగించాడు. నాలుగు దాటగానే స్పానిష్‌లోనికి మారిపోయాడు. నేను ప్రశ్నార్థకంగా చూడగా నవ్వి, ఇప్పుడు మేమంతా ఇట్లాగే లెక్కిస్తామన్నాడు. వాళ్ల నాయనమ్మకు మాయా తప్ప వేరు భాష రాదట. చిన్నప్పుడు బడిలో మాయా మాట్లాడితే శిక్షించేవారట. ఆయన కొడుకు మాయా అర్థం చేసుకొంటాడు, జవాబు స్పానిష్‌లో ఇస్తాడు. మెక్సికోలో నేటికీ ఏడున్నర లక్షలకు పైగా మాయా మాట్లాడేవారున్నారు; భాష పోయిందని ఎవరూ అనరు. కాని సున్నను కనుగొన్న జాతి నాలుగు దగ్గర ఆగి, మిగిలినది అరువు తెచ్చుకొంటున్నది.

బస్సులో నాకు మన పిల్లలే కనబడ్డారు. కరీంనగరం, నల్లగొండ, పాలమూరు ప్రాంతాలనుంచి మగ్గాన్ని నమ్ముకొని వచ్చినవారి మునిమనుమలు వారు. ఇంట్లో తెలుగు, వీథిలో మరాఠీ, ఫోనులో హిందీ. అది లోపమని నేను అనను. మూడు భాషలు వచ్చిన పిల్లను చూస్తే నాకు గర్వమే. మరాఠీ మనకు అన్నం పెట్టిన నేల భాష. అది చక్కగా రావాలి. అయితే ‘నలభై ఏడు’ అంటే ఎంత అని తెలుగింటి పిల్లను అడిగిచూడండి. ఫార్టీ సెవెనా అని మనలనే అడుగుతుంది. పెండ్లిపత్రిక తెలుగులో అచ్చువేయించి, తామే చదవలేక నా దగ్గరకు తెచ్చిన పూర్వ విద్యార్థుల సంతానం ఉన్నారు. ఒకటవ తరగతికి ఒకనాడు రెండు విభాగాలుండేవి. ఇప్పుడు ఒకటే, దానిలోనూ బల్లలు ఖాళీగా ఉన్నాయి. తల్లిదండ్రులను నేను నిందించను. ఉద్యోగం ఏ భాషలో దొరుకుతుందో ఆ భాషకు పంపుతారు. మా అమ్మాయి హ్యూస్టన్‌లో ఉన్నది గనుక, ఈ విషయంలో ఎవరికీ ఉపదేశించే అధికారం నాకు లేదు.

అందుచేత ఉపదేశం మాని, ఒక పని చెబుతాను. వచ్చే జూన్ నుంచి ప్రతి శనివారం మధ్యాహ్నం రెండు గంటలపాటు, వేరే మాధ్యమాలలో చదివే పిల్లలకోసం మన పాఠశాలలో తెలుగు తరగతి జరుగుతుంది. రుసుము లేదు. పదవీ విరమణ చేసిన ముగ్గురు ఉపాధ్యాయులు బోధించడానికి అంగీకరించారు. మొదటి నెల గుణింతాలు. రెండవ నెల నూరు వరకు లెక్క, మాటలలో. పిల్లవెంట నాయనమ్మనో అమ్మమ్మనో తప్పక పంపండి. వారు వెనుక బల్లమీద కూర్చొని బీడీలు చుట్టుకొన్నా మాకు అభ్యంతరం లేదు అందామనుకొన్నాను. ప్రభుత్వ నిబంధనలు ఒప్పుకోవు గనుక చాటలు ఇంటివద్దనే ఉంచి రండి. లెక్క మాత్రం వారినోట పిల్లలు వినాలి. పేర్లు నమోదు చేసే పుస్తకం వెలుపల వరండాలో, నీళ్లకుండ ప్రక్కన బల్లమీద ఉన్నది. నేటి సాయంత్రం వరకు గుమాస్తాగారు అక్కడే ఉంటారు.